రెక్కల దారి, నీటి మజిలీ: పక్షి శాస్త్రవేత్త సలీం అలీ జీవితం

జంషెడ్‌పూర్ నగరం నుంచి సువర్ణరేఖ నదిపై వంతెన దాటగానే మాంగో మొదలవుతుంది. కిక్కిరిసిన వీధులు, వరుస కట్టిన అపార్ట్‌మెంట్లు, జాతీయ రహదారి మీద ఎడతెగని లారీలు కనిపించే ఈ ప్రాంతంలో పక్షుల ప్రస్తావన వింతగా తోచవచ్చు. అయితే ఇక్కడి నుంచి డిమ్నా రోడ్డు పట్టుకొని కొన్ని కిలోమీటర్లు వెళితే దల్మా కొండల పాదాల వద్ద డిమ్నా జలాశయం ఉంది. ఉక్కు పట్టణానికి నీరందించడం కోసం మనుషులు కట్టుకున్న ఆ జలాశయం మీద శీతకాలంలో వలస బాతులు వాలుతాయి. వాటిని పిలిచిన వారు లేరు, వాటి కోసం ఆ నీటిని నిలిపిన వారూ లేరు. దారిలో నీరు కనిపించింది కనుక దిగుతాయి. ఎండలు ముదరక ముందే ఉత్తరానికి వెళ్ళిపోతాయి.

జంషెడ్‌పూర్‌లో స్థిరపడిన తెలుగువారికి వలస అనే మాట కొత్తది కాదు. ఉక్కు కర్మాగారం వెలసిన తొలి దశాబ్దాల నుంచి శ్రీకాకుళం, విశాఖపట్నం ప్రాంతాల కుటుంబాలు పొట్ట చేతబట్టుకొని ఇక్కడికి వచ్చాయి. మనిషి ఎక్కడి నుంచి వచ్చాడో అడిగితే చెబుతాడు. పక్షి చెప్పదు. డిమ్నా మీద వాలిన బాతు ఏ దేశంలో గుడ్డు పగులగొట్టుకొని పుట్టిందో, ఏ కనుమ దాటి వచ్చిందో, తిరిగి ఎక్కడికి పోతుందో తెలుసుకొనే విద్యను భారతదేశంలో ఒక శాస్త్రంగా నిలబెట్టిన వ్యక్తి సలీం మొయిజుద్దీన్ అబ్దుల్ అలీ. పక్షి ప్రేమికుడిగా ఆయన పేరు పాఠ్యపుస్తకాల్లో ఉంది. పక్షుల దారి కంటే దారిలోని మజిలీలే ముఖ్యమన్న సంగతి ఆయన జీవితంలో క్రమంగా ఎలా రుజువైందో అంతగా ప్రచారం కాలేదు.

ఆయన 1896 నవంబర్ 12న బొంబాయిలో సులేమానీ బోహ్రా ముస్లిం కుటుంబంలో పదో సంతానంగా జన్మించారు. ఏడాది నిండేసరికి తండ్రి, మూడేళ్ళకు తల్లి మరణించారు. మేనమామ అమీరుద్దీన్ త్యాబ్జీ, ఆయన భార్య హమీదా బేగం ఆ పిల్లలందరినీ పెంచారు. మేనమామకు వేటంటే ఇష్టం. ఆ రోజుల్లో సంపన్న కుటుంబాల మగపిల్లలకు గాలి తుపాకీ ఒక ఆటవస్తువు. పదేళ్ళ సలీం దానితో పిచ్చుకలను కొట్టేవాడు. ఒకసారి నేల రాలిన పిచ్చుకకు గొంతు కింద పసుపు మచ్చ కనిపించింది. ఇంటి చూరుల్లో తిరిగే పిచ్చుకకు అలాంటి మచ్చ ఉండదు. అది ఏ పిట్టో మేనమామకూ తెలియలేదు. ఆయన బాలుణ్ణి బాంబే నేచురల్ హిస్టరీ సొసైటీ గౌరవ కార్యదర్శి మిల్లర్డ్ వద్దకు పంపారు. మిల్లర్డ్ దాన్ని పసుపు గొంతు పిచ్చుకగా గుర్తించడమే గాక, అరలు తెరచి, సొసైటీ భద్రపరచిన వందలాది పక్షుల నమూనాలను చూపించారు. చనిపోయిన పిట్టల అరల ముందు మొదలైన ఆసక్తి ఇది. ఆ కాలంలో పక్షి శాస్త్రమంటే చాలావరకు అదే. పక్షిని చంపి, చర్మం ఒలిచి, దూది కూరి, చీటీ కట్టి, అరలో పెట్టడం.

చదువు సాఫీగా సాగలేదు. తలనొప్పులతో బడి మానుకొని కొంతకాలం సింధ్‌లోని బంధువుల ఇంట గడిపి, 1913లో మెట్రిక్యులేషన్ గట్టెక్కారు. ఆ తర్వాత బర్మాలోని తవాయ్ ప్రాంతంలో కుటుంబానికున్న టంగ్‌స్టన్ ఖనిజం, కలప వ్యాపారం చూసుకోవడానికి వెళ్ళారు. చుట్టూ ఉన్న అడవులు ఆయనకు మంచి పాఠశాలయ్యాయి గాని వ్యాపారం కలిసిరాలేదు. 1917లో బొంబాయి తిరిగి వచ్చి వాణిజ్య న్యాయం, అకౌంటెన్సీ చదువుతూనే, ఫాదర్ బ్లాటర్ ప్రోత్సాహంతో సెయింట్ జేవియర్స్ కళాశాలలో జంతుశాస్త్రం నేర్చుకున్నారు. విశ్వవిద్యాలయ పట్టా మాత్రం లేదు. ఆ లోటు వల్లనే జువలాజికల్ సర్వే ఆఫ్ ఇండియాలో ఉద్యోగం చేజారింది. 1918 డిసెంబర్‌లో తెహ్మీనాతో వివాహమైంది. 1926లో బొంబాయి ప్రిన్స్ ఆఫ్ వేల్స్ మ్యూజియంలో నెలకు 350 రూపాయల జీతం మీద సందర్శకులకు ప్రకృతి విభాగాన్ని వివరించే గైడ్ లెక్చరర్‌గా చేరారు.

రెండేళ్ళకే ఆ పని ఆయనకు చాలలేదు. సెలవు పెట్టి జర్మనీ వెళ్ళి, బెర్లిన్ మ్యూజియంలో ఎర్విన్ స్ట్రేస్‌మన్ వద్ద శిష్యరికం చేశారు. బ్రిటిష్ పాలనలోని భారతీయుడు లండన్‌ను కాదని బెర్లిన్‌ను ఎంచుకోవడం గమనించదగిన విషయం. స్ట్రేస్‌మన్‌ను ఆయన జీవితాంతం గురువుగానే భావించారు. ఆ ప్రవాసంలోనే ఉత్తర సముద్రంలోని హెలిగోలాండ్ దీవికి వెళ్ళారు. యూరప్ మీదుగా ఎగిరే వలస పక్షులు సేదతీరే చిన్న దీవి అది. అక్కడి పరిశోధకులు పక్షులను పట్టి, కాలికి ఉంగరం తొడిగి, మళ్ళీ వదిలేసేవారు. ఆ పనిని సలీం అలీ చేతులారా నేర్చుకున్నారు.

ఈ ఉంగరం సంగతి కాస్త వివరంగా చెప్పుకోవాలి. అది పక్షి కాలికి బిగుతు కాకుండా, జారిపోకుండా అమరే తేలికపాటి లోహపు పట్టీ. దాని మీద ఒక సంఖ్య, తొడిగిన సంస్థ చిరునామా ఉంటాయి. పట్టిన చోటు, తేదీ, పక్షి జాతి, బరువు, రెక్క పొడవు వంటి వివరాలు సంస్థ పుస్తకంలో నమోదవుతాయి. ఆ పక్షి వేల కిలోమీటర్ల దూరంలో ఎవరి వలలోనో, ఎవరి తుపాకీకో చిక్కితే, ఉంగరం చూసిన మనిషి ఆ చిరునామాకు ఒక ఉత్తరం రాయాలి. అప్పుడే ఒక గీతకు రెండు కొసలు దొరుకుతాయి. వేల పక్షులకు ఉంగరాలు వేస్తే తిరిగి కబురు వచ్చేవి బహు కొద్ది. అంటే ఈ శాస్త్రం మొత్తం ముక్కూ మొహం తెలియని వేటగాడి మంచితనం మీద, ఒక తపాలా బిళ్ళ మీద ఆధారపడి నడిచింది. మన దేశంలో ధార్ సంస్థానాధీశుడు 1927లోనే సొసైటీ ఆధ్వర్యంలో బాతులకు ఉంగరాలు తొడిగించారు. అయితే దాన్ని దేశవ్యాప్త పరిశోధనగా మార్చడానికి మరో మూడు దశాబ్దాలు పట్టింది.

1930లో సలీం అలీ స్వదేశం చేరేసరికి మ్యూజియంలో నిధుల్లేక ఆయన పదవినే రద్దు చేశారు. బొంబాయికి ఎదురుగా సముద్ర తీరాన ఉన్న కిహీం గ్రామంలో బంధువుల ఇంటికి దంపతులు మకాం మార్చారు. దగ్గరలోని చెట్టు మీద గిజిగాడి గూళ్ళు ఉన్నాయి. ఉద్యోగం లేని ఆ వానాకాలంలో వాటినే రోజుల తరబడి గమనించారు. మగ గిజిగాడు గూటిని సగం వరకు అల్లి ఆపుతుందనీ, ఆడపక్షి వచ్చి నచ్చిందనుకుంటేనే పూర్తి చేస్తుందనీ, తర్వాత మరో గూడు మొదలుపెట్టి మరో ఆడపక్షిని ఆహ్వానిస్తుందనీ తేల్చారు. ఆ వ్యాసం ఆయనకు శాస్త్రలోకంలో గుర్తింపు తెచ్చింది. చంపకుండా, కూర్చుని చూడటం వల్ల ఎంత తెలుస్తుందో ఆయన స్వయంగా తెలుసుకున్నది కూడా అక్కడే.

జీతం లేని మనిషికి పని దొరికిన తొలి చోటు తెలుగువారు గుర్తుంచుకోదగినది. సంస్థానాలు ప్రయాణం, బస ఖర్చులు భరిస్తే వారి రాజ్యంలోని పక్షులన్నిటినీ సర్వే చేసి ఇస్తానని సలీం అలీ ప్రతిపాదించారు. తన శ్రమకు ప్రతిఫలం అక్కర్లేదన్నారు. 1931-32లో నిజాం పాలనలోని హైదరాబాద్ సంస్థానంలో ఆ సర్వే జరిగింది. నేటి తెలంగాణతో పాటు మరాఠ్వాడా, కన్నడ జిల్లాలు కలిసిన విశాల రాజ్యమది. నల్లమలలో కృష్ణా నదికి ఎగువన ఉన్న అమ్రాబాద్ పీఠభూమి మీద, మన్ననూరు, ఫరహాబాద్ ప్రాంతాల్లో చెంచుల అడవిలో డేరాలు వేసుకొని పనిచేశారు. తెహ్మీనా వెంట ఉండి ప్రయాణ వ్యవహారాలన్నీ చూసుకొనేవారు. ఏ పక్షి ఏ తాలూకాలో, ఏ నెలలో, ఎంత ఎత్తున, ఎలాంటి చెట్ల మధ్య కనిపించిందో రాసిన ఆ సర్వే ఫలితాలు సొసైటీ పత్రికలో 1933, 1934 సంవత్సరాల్లో వరుసగా వెలువడ్డాయి. దక్కన్ పక్షుల గురించి ఈ నాటికీ పరిశోధకులు ముందుగా తిరగేసే పత్రమది. ఒక పక్షి అక్టోబర్‌లో ఉండి మే నెలలో లేదని తేదీతో సహా రాసి పెట్టినప్పుడే వలస అనే ప్రశ్న మొదలవుతుంది. ఊరికే పక్షుల పేర్ల పట్టిక రాసిన వారికి ఆ ప్రశ్న తట్టదు.

హైదరాబాద్ తర్వాత కొచ్చిన్, తిరువాంకూర్, గ్వాలియర్, ఇందూర్, భోపాల్ సంస్థానాలు పిలిచాయి. 1939లో చిన్న శస్త్రచికిత్స తర్వాత తెహ్మీనా హఠాత్తుగా మరణించారు. పిల్లలు లేరు. ఆయన మళ్ళీ పెళ్ళి చేసుకోలేదు. అక్క కామూ కుటుంబంతో కలిసి ఉంటూ మిగిలిన జీవితమంతా క్షేత్రంలోనే గడిపారు. 1941లో వెలువడిన భారతీయ పక్షుల పుస్తకం రంగుల బొమ్మలతో సామాన్య పాఠకులకు చేరింది. జవాహర్‌లాల్ నెహ్రూ జైల్లో ఉంటూ కుమార్తె ఇందిరకు ఆ పుస్తకాన్ని పంపారు. ఆ పరిచయం ముందుముందు ఎన్నో చెరువులకూ అడవులకూ అక్కరకొచ్చింది. 1945లో కచ్ పక్షులపై ఆయన గ్రంథం వచ్చింది. రాజహంసలు ఉప్పు బురదతో గూళ్ళు కట్టుకొని వేల సంఖ్యలో పిల్లలను పొదిగే కచ్ రణ్ లోతట్టును ఆయన స్వయంగా వెళ్ళి చూశారు. ఇంత గంభీరమైన మనిషికి మోటార్ సైకిళ్ళ పిచ్చి కూడా ఉండేదంటే నమ్మబుద్ధి కాదు. 1950లో స్వీడన్‌లో జరిగిన అంతర్జాతీయ పక్షి శాస్త్ర మహాసభకు తన సన్‌బీమ్ బండిని ఓడలో వేసుకొని వెళ్ళి, దాని మీదే యూరప్ తిరిగారు.

వలస పక్షుల మీద భారీ ఎత్తున పని చేసే అవకాశం ఒక జ్వరం రూపంలో వచ్చింది. 1957లో కర్ణాటకలోని షిమోగా జిల్లా క్యాసనూర్ అడవిలో కోతులు కుప్పలుగా చనిపోయాయి. ఆ చుట్టుపక్కల గ్రామాల ప్రజలు ప్రాణాంతకమైన జ్వరం బారిన పడ్డారు. ఆ జ్వరానికి కారణమైన వైరస్‌ను పిడుదులు మోస్తున్నాయని తేలింది. అది రష్యా అడవుల్లోని ఒక వైరస్‌కు దగ్గరి చుట్టంలా కనిపించింది. సైబీరియా నుంచి వచ్చే పక్షులు తమ ఒంటి మీద పిడుదులను తెస్తున్నాయా అన్న అనుమానం కలిగింది. దాన్ని తేల్చడానికి ప్రపంచ ఆరోగ్య సంస్థ సాయంతో బాంబే నేచురల్ హిస్టరీ సొసైటీ పక్షుల వలసపై అధ్యయనం చేపట్టింది. అప్పటికి సలీం అలీ వయసు 60 దాటింది.

పక్షికి ఉంగరం వేయాలంటే ముందు దాన్ని గాయపడకుండా పట్టుకోవాలి. ఆ విద్య విశ్వవిద్యాలయాల్లో లేదు. బిహార్‌లో మీర్‌షికార్లు అని పిలిచే సంప్రదాయ పక్షి వేటగాళ్ళ వద్ద ఉంది. గంగకు ఉత్తరాన బెగూసరాయ్ ప్రాంతంలోని కాబర్ తాల్ వంటి పెద్ద చెరువుల మీద తరతరాలుగా బాతులను పట్టి అమ్ముకొని బతికిన వారు వీరు. మాంగో, జంషెడ్‌పూర్ కూడా 2000 సంవత్సరంలో జార్ఖండ్ ఏర్పడే వరకు ఆ బిహార్‌లోనివే. సలీం అలీ వారిని జీతానికి పెట్టుకున్నారు. పక్షి పిలుపును అచ్చంగా అనుకరించడం, గాలివాటం చూసి వల పరచడం, ఈక చెదరకుండా పిట్టను విడదీయడం వారికి వెన్నతో పెట్టిన విద్య. భరత్‌పూర్‌లోనూ, తమిళనాడు తీరంలోని కోడిక్కరైలోనూ వేలాది పక్షులకు ఉంగరాలు పడ్డాయంటే అందులో ఈ నిరక్షరాస్యులైన నిపుణుల చేతి చలవ చాలా ఉంది. శాస్త్ర పత్రాల మీద వారి పేర్లు అరుదుగా కనిపిస్తాయి. సలీం అలీ మీద ఎన్ని వ్యాసాలు వచ్చినా ఈ మాట వాటిలో తక్కువగా వినిపించడం న్యాయం కాదు.

జ్వరం విషయంలో ఆ అనుమానం రుజువు కాలేదు. వైరస్ స్థానిక అడవిలోనే, అక్కడి పిడుదులలోనూ చిన్న జంతువులలోనూ నిలిచి ఉందని తర్వాతి పరిశోధనలు చూపాయి. కాని ఆ వెదుకులాటలో పడిన ఉంగరాలు మరో కథ చెప్పాయి. భరత్‌పూర్‌లో తొడిగిన ఉంగరాలు కజకిస్థాన్ మైదానాల నుంచి, సైబీరియా నదుల తీరం నుంచి కబుర్లయి తిరిగొచ్చాయి. పథకానికి అమెరికా నిధులు కూడా అందడంతో 1970 దశకంలో పెద్ద దుమారం రేగింది. పక్షుల దారులు తెలిస్తే వాటి ద్వారా రోగాలను వ్యాప్తి చేసే యుద్ధతంత్రానికి అది పనికివస్తుందన్న సందేహాలు పత్రికల్లోనూ పార్లమెంటులోనూ వ్యక్తమయ్యాయి. సొసైటీ తన పని శాస్త్రీయమైనదేనని సమర్థించుకుంది. ఉంగరాల పని మాత్రం ఆగలేదు.

అంతకన్నా కఠినమైన పరీక్ష భరత్‌పూర్‌లోనే ఎదురైంది. రాజస్థాన్‌లోని ఆ కేవలాదేవ్ ఘనా ఒకప్పుడు మహారాజు బాతుల వేట కోసం కాలువలతో నీరు నింపించిన పల్లపు నేల. 1938 నవంబర్ 12న వైస్రాయ్ లిన్‌లిత్‌గో రాక సందర్భంగా ఒక్క రోజులో 4,273 పక్షులను కాల్చి చంపారు. ఆ లెక్కను ఘనతగా అక్కడి రాతి ఫలకం మీద చెక్కించారు. యాదృచ్ఛికంగా అది సలీం అలీ 42వ పుట్టినరోజు. స్వాతంత్ర్యం వచ్చాక ఆ నేలను ఎండగట్టి సాగుకు ఇవ్వాలన్న ఒత్తిడి మొదలైంది. భూమి లేని వారి వైపు నుంచి చూస్తే ఆ కోరికలో అన్యాయమేమీ లేదు. సలీం అలీ నెహ్రూను ఆశ్రయించి ఘనాను కాపాడారు. 1981లో అది చిలికా సరస్సుతో పాటు మన దేశపు తొలి రామ్‌సర్ చిత్తడి నేలగా నమోదైంది. ఆ తర్వాత జాతీయ ఉద్యానవనమై, 1985లో ప్రపంచ వారసత్వ జాబితాలో చేరింది.

జాతీయ ఉద్యానవనం అయిందంటే పశువులకు ప్రవేశం లేదని చట్టం చెబుతుంది. పశువుల మేత పక్షులకు చేటని సలీం అలీ కూడా నమ్మారు, నిషేధాన్ని సమర్థించారు. 1982 చివర నిషేధం అమలైనప్పుడు తరతరాలుగా అక్కడ గేదెలు మేపుకున్న చుట్టుపక్కల గ్రామాల వారు ఎదురు తిరిగారు. పోలీసు కాల్పుల్లో పలువురు గ్రామస్థులు ప్రాణాలు కోల్పోయారు. పక్షుల కోసం మనుషులు చనిపోయారన్న నింద ఆ ఉద్యానవనానికి అంటుకుంది.

ఆ తర్వాత జరిగింది ఎవరూ ఊహించనిది. సలీం అలీ సంస్థే 1980 దశకమంతా ఘనాలో సాగించిన దీర్ఘకాల అధ్యయనంలో, గేదెలు పోయాక నీటిలో ఒక జాతి గడ్డి విపరీతంగా పెరిగి, తేటనీటి మడుగులను కమ్మేసినట్టు కనిపించింది. బాతులకు దిగడానికి నీరు కరవైంది, చేపలు తగ్గాయి. గేదె అక్కడ పక్షికి శత్రువు కాదు, గడ్డిని అదుపులో ఉంచే పనివాడు. ఆ ఫలితాలను శాస్త్రవేత్తలు దాచలేదు. తమ పెద్దాయన కోరుకున్న విధానానికి వ్యతిరేకంగా ఉన్నాయని మార్చి రాయలేదు. ఆయన నెలకొల్పిన పద్ధతికి దీనికి మించిన పరీక్ష మరొకటి ఉండదు. చిత్తడి నేల అంటే కంచె వేసి తాళం పెట్టే బీరువా కాదనీ, నీరు, గడ్డి, గేదె, చేప, మనిషి ఒకదానినొకటి పట్టుకొని నిలబెట్టే ఏర్పాటనీ భరత్‌పూర్ చాలా ఖరీదైన రుసుముతో నేర్పింది. చనిపోయిన గ్రామస్థుల కుటుంబాలకు ఆ పాఠం ఆలస్యంగా అందింది.

మరొక పాఠం సైబీరియా కొంగలది. 1960 దశకంలో దాదాపు 200 తెల్లని సైబీరియా కొంగలు భరత్‌పూర్‌లో శీతకాలం గడిపేవి. ఘనాలో వాటిని ఎవరూ వేటాడలేదు. అయినా ఏటేటా సంఖ్య తరుగుతూ పోయింది. 2002లో కనిపించిన జంటే చివరిది. దారిలో అఫ్గానిస్థాన్, పాకిస్థాన్ మీదుగా వచ్చేటప్పుడు వేటకు బలయ్యాయి. మధ్యలో సేదతీరే సరస్సులు దెబ్బతిన్నాయి. తెలుగు రైతుకు ఈ సంగతి వివరించనక్కర్లేదు. కాకతీయుల కాలం నుంచి మనకు తెలిసిన గొలుసుకట్టు చెరువుల లెక్కే ఇది. ఎగువ చెరువుకు గండి పడితే దిగువ చెరువు కట్ట ఎంత గట్టిగా ఉన్నా ఆయకట్టు ఎండుతుంది. మధ్య ఆసియా పక్షి మార్గం అని శాస్త్రవేత్తలు పిలిచేది ఆర్కిటిక్ తీరం నుంచి హిందూ మహాసముద్రం దాకా 30 దేశాల మీదుగా పరుచుకున్న అలాంటి గొలుసుకట్టు. డిమ్నా అందులో ఒక చిన్న చెరువు. సువర్ణరేఖ బంగాళాఖాతంలో కలిసే చోటి నుంచి దక్షిణంగా చిలికా, కొల్లేరు, పులికాట్, కోడిక్కరై పెద్ద చెరువులు.

ఆ గొలుసులో మన పత్రికలు తరచూ కలగాపులగం చేసే ఒక విషయం ఉంది. శ్రీకాకుళం జిల్లా తేలినీలాపురానికీ, తిరుపతి జిల్లా నేలపట్టుకూ ఏటా వచ్చే గూడబాతులూ ఎర్రకాళ్ళ కొంగలూ సైబీరియా నుంచి వస్తాయని రాస్తుంటారు. అవి సైబీరియావి కావు. దక్షిణాసియాలోనే ఉంటూ, వానలను బట్టి, చేపలను బట్టి చోటు మారే పక్షులవి. గూడు కట్టి పిల్లలను పొదిగే చోటే పక్షికి పుట్టిల్లు. సైబీరియా నుంచి వచ్చే బాతు ఇక్కడ గూడు కట్టదు; తిని, బలం పుంజుకొని తిరిగి వెళ్ళి అక్కడే గుడ్లు పెడుతుంది. తేలినీలాపురం ఊరివారు ఈ పక్షులను పురిటికి పుట్టింటికి వచ్చిన ఆడపడుచుల్లా చూసుకుంటారు. శాస్త్రం చెప్పేదీ అదే కనుక ఈ విషయంలో పత్రికల కంటే పల్లె వారే నయం. నేలపట్టులో గూళ్ళున్న చెట్ల కింద రెట్టలు కలిసిన చెరువు నీరు పొలాలకు ఎరువుగా పారుతుందని రైతులకు తెలుసు. 1976లో ప్రభుత్వం అభయారణ్యంగా ప్రకటించక ముందు నుంచీ అక్కడ పక్షికి రక్షణ ఉండటానికి ఆ లెక్కా ఒక కారణం.

కొల్లేరులో వ్యవహారం అంత సులువుగా తెగలేదు. కృష్ణా, గోదావరి డెల్టాల మధ్య ఉన్న ఆ మంచినీటి సరస్సును 1999లో అభయారణ్యంగా ప్రకటించారు. 2002లో రామ్‌సర్ జాబితాలో చేరింది. అప్పటికే సరస్సు గర్భమంతా చేపల చెరువుల గట్లతో నిండిపోయింది. చేపల చెరువు కూడా నీరే కదా అనిపించవచ్చు. కాని బురద నేలలో ముక్కు గుచ్చి మేత వెదికే పక్షికీ, జానెడు నీటిలో ఈదే బాతుకూ లోతైన చెరువు పనికిరాదు. 2006లో గట్లను కూల్చారు. పెద్ద పెట్టుబడుల చెరువులతో పాటు చిన్న మత్స్యకారుల బతుకుతెరువూ ఆ కూల్చివేతలో చిక్కుకుంది. సరిహద్దు ఎక్కడ గీయాలన్న వాదం ఈనాటికీ నడుస్తూనే ఉంది. అప్పటికి సలీం అలీ లేరు. భరత్‌పూర్ అనుభవాన్ని ఆ ఆదేశాలు రాసిన వారు ఎంత చదువుకున్నారో చెప్పలేం గాని, చదువుకోవలసినదే.

పట్టా లేని ఆ శాస్త్రవేత్తకు గౌరవాలు ఆలస్యంగానైనా దండిగా వచ్చాయి. 1958లో పద్మభూషణ్, 1976లో పద్మవిభూషణ్ లభించాయి. అలీగఢ్, ఢిల్లీ విశ్వవిద్యాలయాల తర్వాత 1978లో మన ఆంధ్ర విశ్వకళాపరిషత్తు గౌరవ డాక్టరేట్ ఇచ్చింది. డిల్లన్ రిప్లీతో కలిసి భారత ఉపఖండం పక్షులపై రాసిన పది సంపుటాల గ్రంథం 1968 నుంచి 1974 వరకు వెలువడింది. జాతీయ పక్షిగా బట్టమేక పిట్టను ఎంచాలని ఆయన పట్టుబట్టారు. 1963లో నెమలి గెలిచింది. అప్పటికే అంతరించే దశలో ఉన్న బట్టమేకకు ఆ హోదా దక్కి ఉంటే దాని గడ్డి భూములకు కొంత మేలు జరిగేదేమో. నెమలికి ఆ అవసరం లేదు. అంతర్జాతీయ గెట్టీ పురస్కారంగా వచ్చిన 50,000 డాలర్లను ఆయన సొంతానికి వాడుకోలేదు. ప్రకృతి పరిరక్షణ నిధికి జమ చేశారు.

చివరి సంవత్సరాల్లో తెలుగు నేల నుంచి ఒక వార్త అందింది. 1848 ప్రాంతంలో తూర్పు కనుమల సమీపాన సైనిక వైద్యుడు జెర్డన్ గుర్తించిన కలివికోడి, 1900 తర్వాత ఎవరికీ కనిపించక అంతరించిందనే లెక్కలోకి వెళ్ళింది. సొసైటీ పరిశోధకులు దాని బొమ్మలు పట్టుకొని కడప జిల్లా పల్లెల్లో తిరిగి అడిగారు. 1986 జనవరిలో ఒక స్థానిక వేటగాడి చేతికి అది ప్రాణాలతో చిక్కింది. రాత్రిపూట చిట్టడవి పొదల మధ్య పరుగెత్తే ఆ పిట్ట వలస పోయేది కాదు. ఉన్న చోటు పోతే మరో చోటు లేదు. శ్రీలంకమల్లేశ్వర అభయారణ్యం దాని కోసమే ఏర్పడింది, తెలుగుగంగ కాలువ ప్రణాళికను మార్చవలసి వచ్చింది. మీర్‌షికార్ల మాదిరిగానే ఇక్కడా శాస్త్రానికి దారి చూపింది వేటగాడే.

1985లో సలీం అలీ రాజ్యసభకు నామినేట్ అయ్యారు. అదే ఏడాది ఒక పిచ్చుక పతనాన్ని పేరుగా పెట్టుకొన్న ఆత్మకథ వెలువడింది. 1987లో, 90 ఏళ్ళ వయసులో బొంబాయిలో కన్నుమూశారు. 1990లో కోయంబత్తూరులో ఆయన పేరిట పక్షి శాస్త్ర కేంద్రం వెలసింది. ఉంగరాలతో పాటు ఇప్పుడు ఉపగ్రహాలకు సంకేతాలు పంపే పరికరాలు వచ్చాయి. తలపై నల్లని అడ్డచారలుండే బాతు హిమాలయాలను ఏ రాత్రి, ఎంత ఎత్తున దాటిందో గంటల లెక్కన తెలుస్తోంది.

ఆయన మరణించిన 1987లోనే ఆసియా నీటి పక్షుల గణన మొదలైంది. ప్రతి జనవరిలో స్వచ్ఛంద కార్యకర్తలు, విద్యార్థులు, అటవీ సిబ్బంది బైనాక్యులర్లు పట్టుకొని తెల్లవారుజామున ఊరి చెరువుల గట్ల మీదకు వెళతారు. ఏ చెరువులో ఏ జాతి పక్షులు ఎన్ని ఉన్నాయో, నీరు ఎంత ఉందో, గట్టు మీద చెత్త పడిందో లేదో కాగితం మీద రాస్తారు. ఆ గణనకు పట్టా అవసరం లేదు. పక్షిని గుర్తుపట్టడం వచ్చిన వారెవరైనా చేరవచ్చు.